జో లేని మాట

కాలర్ మూల తిప్పేటప్పుడు సూది గుడ్డలోనే దిగి ఉండాలి. మోకాలితో మీటను నెట్టి మిషను పాదాన్ని లేపి, గుడ్డను తిప్పి, మళ్లీ పాదాన్ని దించాలి. ఇదంతా ఆమె చేతులు వాటంతటవే చేసుకుపోతాయి. జాగ్రత్తగా చూసుకోవాల్సింది తలనే. కుడివైపు తిరిగితే పక్క మిషనామెతో కబుర్లనుకుంటారు. ఎడమవైపు తిరిగితే కిటికీ అనుకుంటారు. బాగా వంగితే కునుకు అనుకుంటారు. అందుకని మెడను ఒకచోట నిలబెట్టి కళ్లను మాత్రమే కదపడం నేర్చుకుంది. పెళ్లయిన కొత్తలో అత్తగారి ముందు కూడా ఇలాగే కూర్చునేది కాబట్టి పెద్ద కష్టమనిపించలేదు.

చొక్కాలు కుట్టే ఆ హాల్లో ఎవరు ఏ ముక్క కుడితే అదే వాళ్ల పేరు. ఆమె కాలర్. పక్క మిషను మీద చేతి పట్టీలు కుట్టే పెద్దామె కఫ్పక్క. కప్పు నుంచి వేలాడే నల్లగుడ్డు లాంటి కెమెరాకి కూడా వాళ్లే ఒక పేరు పెట్టుకున్నారు. పైవాడు.

"పైవాడు చూస్తున్నాడు, ముక్కు తర్వాత గోక్కుందువులే," అంది కఫ్పక్క పెదవులు కదపకుండా. పెదవులు కదపకుండా మాట్లాడటం అక్కడ అందరికీ వచ్చు.

"దేవుడు కూడా చూస్తాడుగా అక్కా."

"చూస్తాడు, పాపం మరిచిపోతాడు కూడా. వీడు మరిచిపోడంట. కావాలంటే వెనక్కి తిప్పి చూపిస్తాడంట."

కాలర్‌కి నవ్వొచ్చింది. దాన్ని చెంప లోపలే దాచుకుని ఇంకో మూల తిప్పింది.

ఒక్క హాలనేముంది, ఊరంతా అలాగే ఉంది. బస్సులో డ్రైవరు నెత్తి మీద ఒకటి, వెనక తలుపు మీద ఒకటి. సరుకుల కొట్లోకి వెళితే ఆమె తన సంచి నోరు తెరిచి పెట్టుకుని, చేతులు రెండూ కనబడేలా నడుస్తుంది. ఎవరూ అడగరు. అడగకముందే చూపించడం అలవాటైపోయింది. ఏమీ కొనకుండా బయటికొస్తే, దొంగతనం చేసినట్టు గుండె కొట్టుకుంటుంది. ఆమె మొగుడు సామాన్లు చేరవేసే వ్యాను నడుపుతాడు. ఆ వ్యానులో డ్రైవరు మొహానికి ఎదురుగా ఒక కెమెరా ఉంది. ఆవలిస్తే అది కూస్తుంది. అందుకని అతను రోజంతా ఆవలింతలు మింగి, ఇంటికొచ్చి చెప్పులు విప్పుతూనే వరసపెట్టి ఆవలిస్తాడు. జీతం రాళ్లు ఇంటికి తెస్తున్నానో, ఆవలింతలు తెస్తున్నానో తెలీట్లేదే అంటాడు.

ఇన్ని కళ్ల కింద బతికే మనిషికి ఒక్కచోట మాత్రం తన కన్ను ఉంది. పాపను వదిలే క్రెష్‌లో పిల్లలు పడుకునే గదికి కెమెరా పెట్టి, తల్లుల ఫోన్లలో కనబడేలా చేశారు. బొమ్మే గానీ మాట వినబడదు. అక్కడ పైవాడు ఆమే.

ఫోన్లు హాల్లోకి తేకూడదు. తలుపు దగ్గర పెట్టెలో వేసి రావాలి. ఆమె ఎప్పుడో చచ్చిపోయిన పాత ఫోనొకటి రోజూ ఆ పెట్టెలో వేసి, అసలుదాన్ని కోటు లోపల నడుము దగ్గర దోపుకుంటుంది. తప్పని తెలుసు. కానీ పాలు మాని ఎన్నాళ్లో కాని పిల్ల, నిద్ర లేస్తే ఏడుస్తుందో, పాకుతూ పోయి ఏ ప్లగ్గులో వేలు పెడుతుందో. చూడకపోతే చెయ్యి మిషను మీద నిలవదు.

అలా దొంగచాటుగా చూసీ చూసీ, అక్కడ పిల్లల్ని సాకే ఆయమ్మ ఆమెకు పైనుంచే ఎక్కువ తెలుసు. నడినెత్తి మీద జుట్టు పలచబడిన చోటు, నేల మీద కూర్చోవాలంటే ముందు ఒక చెయ్యి ఆనించి ఆగే తీరు, ఒకే తీరుగా ఏడ్చే పిల్లల్లో ఎవరిది ఆకలో ఎవరిది వేషమో చూడకుండానే పోల్చుకునే ఆ మొండి నడక. ఎంతమంది పిల్లల్ని సాకిందో ఆయమ్మకే లెక్క లేదు. సొంతవాళ్లెవరని అడిగితే, "వీళ్లంతా ఎవరనుకున్నావు, అద్దెకి తెచ్చానా?" అంటుంది. పిల్లల్ని పడుకోబెట్టేటప్పుడు పాడుతుంది. అదొక పాట కాదు. ఆ పూట ఏం ఉతకాలి, ఎవరి గౌను ఆరలేదు, ఎవరి అమ్మ గుడ్డలు పెట్టడం మరిచిపోయింది, అన్నీ రాగంలో కలిపి లాగుతుంది. ఒకరోజు త్వరగా వెళ్లినప్పుడు కాలర్ విన్నది. తన పేరుకి బదులు "మతిమరుపు తల్లి" అని వచ్చింది అందులో.

ఆయమ్మ కుడిచేతికి ఒక లోహపు కడియం ఉంది. లావెక్కిన మణికట్టు మీంచి అది ఇక రాదు. జోకొట్టేటప్పుడు పిల్లలకి గుచ్చుకుంటుందని దానికి పాత గుడ్డ చుట్టుకునేది, అది మాటిమాటికీ ఊడిపోయేది. అది చూసి కాలర్, కత్తిరింపుల్లో మిగిలిన ముక్కతో దానికొక తొడుగు కుట్టింది. పైకి మెత్తటి నూలు, లోపల కాలర్ నిలబడటానికి పెట్టే గట్టి బట్ట, చివర ఒక గుండీ. కాలర్ మూలలు కుట్టినట్టే, పైవాడి కళ్ల ముందే, చొక్కాల నడుమ కుట్టేసింది. గేటు దగ్గర దాన్ని జుట్టుముడిలో పెట్టుకుని దాటింది. "దొరసాని చొక్కాకి కూడా ఇంత కుట్టు ఉండదు తల్లీ," అంది ఆయమ్మ చెయ్యి అటూ ఇటూ తిప్పి చూసుకుంటూ.

ఆ రోజు పొద్దున దింపేటప్పుడే పాప ఒళ్లు కొంచెం వెచ్చగా అనిపించింది. పని మధ్యలో ఉండబట్టలేక బాత్రూముకి వెళ్లి, గడియ పెట్టి, ఫోను తీసింది. బొమ్మలో పాప ఆయమ్మ ఒడి పక్కన పడుకుని కాళ్లు తన్నుకుంటోంది. తెల్లటి తొడుగున్న చెయ్యి లేస్తోంది, దిగుతోంది. పిల్ల కళ్లు మూయదు. మళ్లీ చెయ్యి లేస్తోంది, దిగుతోంది.

జ్వరమేమో. క్రెష్ ఇన్‌చార్జికి చెప్పాలంటే తల్లుల గ్రూపులో పెట్టడమే దారి. ఏడో తరగతితో ఆగిన చదువు, గుణింతాలు వెతుక్కుంటూ కొట్టేసరికి పుణ్యకాలం గడిచిపోతుంది. అందుకని ఎప్పటిలా, చెప్పిన మాటను అక్షరాలుగా మార్చే మైకు గుర్తు నొక్కి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని గుసగుసగా చెప్పింది. "పాపను ఆయమ్మ జోకొడుతోంది. అయినా పడుకోవట్లేదు. ఒళ్లు వెచ్చగా ఉందేమో ఒకసారి చూడండి." పైన గాలి ఫ్యాను గరగరలాడుతోంది. ఎవరో తలుపు తట్టారు. పడిన అక్షరాలు చదువుకోకుండానే పంపేసి ఫోను దోపుకుంది.

భోజనాల వేళ మెట్ల కింద, కెమెరాకి అందని మూలలో మళ్లీ తీసి చూస్తే గ్రూపు పొంగి పొర్లుతోంది.

ఆయమ్మ చెయ్యి లేచి దిగే ముక్కను ఎవరో కత్తిరించి పెట్టారు. దాని కింద వరసగా మాటలు.

"నాకెప్పటినుంచో అనుమానంగానే ఉంది."

"నోరు చూడండి. తిడుతోంది కూడా."

"మావాడు సాయంత్రం ఆవిణ్ణి చూసి ఏడుస్తుంటాడు. ఇప్పుడర్థమైంది."

"పడుకోకపోతే కొడతారా? ఒళ్లు వెచ్చబడేదాకా కొట్టిందా?"

"చెప్పి మంచి పని చేశారండీ. మీరు గమనించబట్టి మా పిల్లలు బతికిపోయారు."

ఆ అండీ తనకేనని అర్థం కావడానికి కాలర్‌కి కొంచెం సేపు పట్టింది. ఆ గ్రూపులో ఆఫీసుల తల్లులే ఎక్కువ. ఇంతకు ముందు ఆమె ఏం పెట్టినా ఎవరూ జవాబివ్వలేదు. ఎందుకో ఒక్క క్షణం ఒళ్లు తేలికగా అయింది. ఆ తేలికదనాన్ని తర్వాత ఆమె చాలాసార్లు గుర్తు చేసుకుంది, గుర్తొచ్చినప్పుడల్లా మొహం కడుక్కోవాలనిపించింది.

పైకి జరుపుకుంటూ పోయి తన మాట చదివింది. "పాపను ఆయమ్మ కొడుతోంది అయినా పడుకోవట్లేదు ఒళ్లు వెచ్చగా ఉందేమో ఒకసారి చూడండి."

జో లేదు. గుసగుసలో పోయిందో, ఫ్యాను మింగిందో, కొట్టడం మాత్రం మిగిలింది.

ఆ బొమ్మను తనూ చూసింది. చెయ్యి లేచింది, దిగింది. నోరు కదులుతోంది. వినబడదు. మళ్లీ చూసింది. ఆ చేతికి తొడుగు కుట్టింది తనే, ఆ పాట విన్నది తనే. అయినా మూడోసారి చూసేసరికి ఆమెకు కూడా కొట్టినట్టే కనబడింది. గభాల్న ఫోను బోర్లించింది.

వెంటనే సరిచేద్దామని వేలితో జో అని కొట్టింది. జోరు, జోలి, జోకు అని ఫోను మూడు మాటలు ఎదురు పెట్టింది. ఏది నొక్కాలో తెలీక తడబడుతుండగా గుండీలు కుట్టే పిల్ల వచ్చి, "కాలరక్కా, మేడం పిలుస్తోంది," అంది.

హాలు అజమాయిషీ చూసే ఫ్లోర్ మేడం గది అద్దాలది. లోపలేం మాట్లాడినా బయటికి బొమ్మే. మేడం బాబు కూడా అదే క్రెష్‌లో ఉంటాడు, ఆవిడా ఆ గ్రూపులోనే ఉంది. ఆ సంగతి కాలర్‌కి ఇన్నాళ్లూ గుర్తుండీ, ఆ పొద్దున మాత్రం గుర్తు రాలేదు.

"ఫోను పెట్టెలో వెయ్యలేదా?"

"వేశాను మేడం."

"వేసింది వేశావు. వెయ్యంది ఎక్కడుంది?"

కాలర్ చెయ్యి దానంతటదే నడుము మీదికి పోయింది.

మేడం నిట్టూర్చింది. "ఇంకోరైతే ఈపాటికి గేటు బయట ఉండేవాళ్లు. నీకు తెలుసుగా. కానీ నేనూ తల్లినేనమ్మా. నువ్వు చూడబట్టి కదా, లేకపోతే ఆవిడ ఇంకెన్నాళ్లు బాదేదో. ఈసారికి నేను చూళ్లేదనుకుంటాను." ఆగి, కళ్లెత్తి చూసింది. "కాలక్షేపానికి ఫోను చూస్తూ కూర్చుంటే మాత్రం ఊరుకునేదాన్ని కాదు. నిజంగానే కొట్టింది కదా?"

చెప్పాల్సింది ఒక్క అక్షరం. గొంతు దాకా వచ్చింది కూడా. దాని వెనకే గేటూ వచ్చింది, గేటు బయట వ్యానూ, ఆవలింతలు మింగే మనిషీ, నెల మొదట్లో తలుపు కొట్టే ఇంటావిడా వచ్చారు.

రోజంతా కదలకుండా నిలబెట్టుకునే తల అప్పుడు కదిలింది. కిందికి, పైకి.

"వెళ్లు, పని చూసుకో."

మధ్యాహ్నం హాలు వేడెక్కింది. ఆమె సూది దించి, పాదం లేపి, గుడ్డ తిప్పి కుట్టుకుంటూ పోయింది.

"ఏమందే మేడం?" పెదవులు కదపకుండా కఫ్పక్క.

"ఏం లేదక్కా."

"ఏం లేకపోతే రెండు మూలలూ ఒకేవైపు తిప్పావెందుకు? ఆ చొక్కా ఎవడు తొడుక్కుంటాడో గానీ, జీవితాంతం పక్కకే చూస్తాడు."

చూస్తే నిజమే. విప్పడం మొదలుపెట్టింది. దారం చివర దొరకదు. తనకు తనే చెప్పుకుంది, సాయంత్రం వెళ్లగానే ఇన్‌చార్జితో చెప్పేస్తాను, మనిషికి మనిషి ఎదురుగా ఉంటే మాట సరిగ్గా వస్తుంది, ఇవాళే చెప్పేస్తాను. అలా అనుకునే కొద్దీ సాయంత్రం దగ్గరపడకుండా ఉంటే బాగుండుననిపించింది. ఆ మధ్యాహ్నం మొదటిసారి ఆమె బాత్రూముకి వెళ్లలేదు, క్రెష్ గది చూడలేదు.

సాయంత్రం క్రెష్‌కి చేరేసరికి ఆయమ్మ ఇంకా అక్కడే ఉంది. గోడకానుకుని, చేతులు రెండూ ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. చుట్టూ పిల్లలు చిరాగ్గా, కళ్లెర్రగా. ఒకడు ఆమె మోకాలు పట్టుకుని లాగుతున్నాడు. ఆమె చేతులు లేవట్లేదు.

"వచ్చావా తల్లీ. ఇవాళ నీ కూతురు కన్ను మూయలేదు."

"ఏం ఆయమ్మా?"

"చెయ్యి వెయ్యొద్దన్నారు. సాయంత్రం దాకా ఉండి పొమ్మన్నారు, చూసుకునేవాళ్లు లేరని. రేపట్నుంచి రావక్కర్లేదంట." ఇంకెవరి సంగతో చెబుతున్నట్టు చెప్పింది. "పిల్లల్ని కొట్టానంట. ఎవరో చూశారంట."

కాలర్ పాపను ఎత్తుకుంది. పాప మెడ మీద మొహం పెట్టి చంకలో ఒదగకుండా, ఆయమ్మ వైపు వంగిపోతోంది.

"నువ్వు కొట్టలేదని చెప్పొచ్చుగా ఆయమ్మా," అంది. తన గొంతు తనకే ఎవరిదోలా వినబడింది.

"చెప్పాను. బొమ్మ చూపించారు. నా చెయ్యే అది, కాదనడానికేముంది." ఆయమ్మ తన అరచెయ్యి తిప్పి చూసుకుంది. "ఏమో తల్లీ, కొట్టానేమో. ఇంతమంది చూశామంటుంటే, నాకొక్కదానికే గుర్తు లేదంటే ఎవరు నమ్ముతారు? ముసలి చెయ్యి. గట్టిగా పడిందేమో."

"లేదు," అంది కాలర్. తలెత్తితే గది మూలన చిన్న ఎర్రదీపం వెలుగుతోంది. ఇప్పుడు దీన్ని ఎవరు చూస్తున్నారో. మేడం కూడా చూస్తోందేమో. ఆయమ్మ పక్కన తనెంత సేపు నిలబడిందో చూస్తోందేమో.

ఆయమ్మ గొంతు తగ్గించింది. "ఇంటికెళ్లాక పడుకోబెట్టు. వీపు మీద కాదు, దీనికి నచ్చదు. తుంటి మీద కొట్టు. గట్టిగా వద్దు, అలాగని భయపడుతూ వద్దు. చెయ్యి భయపడితే పిల్లకి తెలిసిపోతుంది. ఒళ్లు వెచ్చగా ఏం లేదు, పన్నొస్తోంది అంతే." తర్వాత పాప సంచి దగ్గరికి జరిగి, తడిసిన గౌనూ అవీ అందులో సర్దడం మొదలుపెట్టింది.

కాలర్ పాపతో సహా ఇన్‌చార్జి గదిలోకి వెళ్లింది. ఇన్‌చార్జి నుదురు రుద్దుకుంటోంది.

"మేడం, ఆయమ్మ సంగతి..."

"మీరే కదమ్మా రాశారు?"

"రాశాను గానీ... అది నేను చెప్పింది జో..."

"కొట్టలేదంటారా?" ఇన్‌చార్జి కుర్చీలో ముందుకు జరిగింది. మొహంలో ఆశ లాంటిది కనబడింది. "అయితే మహా మేలు చేసినవాళ్లవుతారు. ఆవిడ లేకపోతే నాకు చెయ్యి విరిగినట్టే. ఒక పని చెయ్యండి. మీ ఫ్లోర్ మేడమే అందరికన్నా గట్టిగా పట్టుపట్టారు. మీరు వెళ్లి, పొరపాటు పడ్డానని ఆవిడతో ఒక్క మాట చెప్పండి. ఆవిడ ఊ అంటే మిగతావాళ్లు సర్దుకుంటారు. ఇప్పుడే ఫోను కలపమంటారా?"

ఇన్‌చార్జి వేలు ఫోను మీదికి పోయింది.

కాలర్ ఆ వేలినే చూసింది. పొరపాటు పడ్డానంటే, మరి తల ఎందుకు ఊపావంటుంది ఫ్లోర్ మేడం. అబద్ధానికి ఒక శిక్ష, ఫోనుకి ఒక శిక్ష. పెట్టెలోని చచ్చిన ఫోనుని తీసి అందరి ముందూ పెడుతుంది.

"వద్దండీ. రేపు నేనే చెబుతాను," అంది.

"రేపా," అంది ఇన్‌చార్జి. ఆమె మొహంలోకి చూసి, వెనక్కి ఆనుకుంది. "సరే. మీ ఇష్టం."

బయటికొచ్చేసరికి గోడ దగ్గర ఆయమ్మ లేదు. కూర్చున్న చోట చాప మడిచి నిలబెట్టి ఉంది. పాప సంచి జిప్పు వేసి తలుపు దగ్గర పెట్టి ఉంది. వీధిలోకి తొంగి చూస్తే ఆఫీసులు వదిలిన జనం. దీపస్తంభం మీద కెమెరా మెల్లగా అటూ ఇటూ తిరుగుతోంది. దానికి ఆయమ్మ ఎటు వెళ్లిందో తెలిసే ఉంటుంది. కాలర్‌కి తెలియలేదు. ఆమె ఇల్లెక్కడో ఏనాడూ అడగలేదు. నడినెత్తి మీద జుట్టు ఎక్కడ పలచబడిందో తెలుసు గానీ, ఉండేది ఎక్కడో తెలియదు.

బస్సులో పాప వెనక కిటికీ వైపు చూస్తూ కూర్చుంది. కాలర్ చేతులు రెండూ ఒళ్లో, కనబడేలా పెట్టుకుని కూర్చుంది.

ఇంటికి వచ్చేసరికి మొగుడు అప్పుడే చెప్పులు విప్పి, రెండో ఆవలింతలో ఉన్నాడు.

"ఏంటలా ఉన్నావు? ఎవరన్నా ఏమన్నా అన్నారా?"

"మెచ్చుకున్నారు," అంది.

"మరి మొహం అలా పెట్టావేం? మెచ్చుకుంటే నవ్వాలే పిచ్చిదానా." మూడో ఆవలింత వచ్చి మిగతా మాటను మింగేసింది. అతను గోడవైపు తిరిగి నడుం వాల్చాడు.

ఇంకా వెలుతురుంది. పాప నిద్ర చాలక ఏడుపు మొదలుపెట్టింది. కాలర్ చాప మీద దాన్ని పక్కకు తిప్పి పడుకోబెట్టి తనూ పక్కన ఒరిగింది. తుంటి మీద కొట్టు అంది ఆయమ్మ. చెయ్యి లేపింది.

లేపిన చెయ్యి గాలిలో ఆగిపోయింది. ఆమె కళ్లు గది మూలకి వెళ్లాయి. కప్పు కలిసే చోట చెమ్మ మరక, దాని కింద ఒక మేకు. ఇంకేం లేదు. అక్కడేం లేదని ఆమెకు తెలుసు. అయినా పైనుంచి చూస్తే ఈ చెయ్యి ఎలా కనబడుతుందో ఆమెకు కనబడుతూనే ఉంది. పక్కన పడుకున్న పిల్ల, నోరు కదుపుతున్న తల్లి, లేచిన చెయ్యి.

దించింది. పాప ఉలిక్కిపడి ఇంకా గట్టిగా ఏడ్చింది. చెయ్యి భయపడినట్టు తెలిసిపోయింది.

"దానికేం కావాలో చూడవే," అన్నాడు మొగుడు గోడవైపే తిరిగి.

పొడి గౌను కోసం సంచి దగ్గరికి లాక్కుని జిప్పు తీసింది. పైన పొడి గుడ్డలు వేరుగా, మడతలు పెట్టి ఉన్నాయి. వాటి కింద కవరులో తడిసినవి. రెంటికీ నడుమ, నలగకుండా, కడియానికి కుట్టిన తొడుగు. గుండీ మళ్లీ పెట్టి ఉంది. మూలల్లో తన కుట్టే. పక్కన చంటిపిల్ల ఏడుస్తుండగా ఆమె దాన్ని అరచేతిలో పెట్టుకుంది. లోపలున్న గట్టి బట్ట వల్ల అది అణగలేదు. చెయ్యి ఇంకా అందులోనే ఉన్నట్టు, గుండ్రంగా నిలబడింది.